మిరప కల్లంలో షారోను

*మధ్యధరా సముద్రం ఒడ్డున ఒక మైదానం పేరు. ఇజ్రాయెల్‌లో నడివయసు ఆడవాళ్ల పేరు. గుంటూరు, ప్రకాశం పల్లెల్లో మాత్రం ఇంటర్ చదివే పిల్ల పేరు. అది ఇంత దూరం ఎలా వచ్చింది? బడి రిజిస్టరు దాకా వెళ్లేసరికి ఎందుకు మాయమవుతోంది?*

ఫిబ్రవరి నెల, పొద్దు వాలే వేళ. ప్రత్తిపాడు పక్క ఏ మిరప చేను గట్టెక్కినా ఇదే వరస. కల్లం నిండా ఎర్రటి కాయ. తాలుకాయ ఏరి పక్కకు నెట్టే ముసలమ్మలు. చీరల మీద మగవాళ్ల పాత చొక్కాలు తొడుక్కుని, ఘాటుకు ముక్కూ నోరూ కలిపి తువ్వాలు చుట్టుకున్న కోత కూలీలు. కళ్లు తప్ప మొహాలు కనపడవు. పేరు పెట్టి పిలవాల్సిందే. కాటా పక్కన కూర్చున్న మేస్త్రమ్మ నోట్‌బుక్కు తెరుస్తుంది.

"మరియమ్మత్తా, నీయి ఎన్ని కిలోలు?"

"సారమ్మక్కా!"

"ఎస్తేరు రాణీ... ఏమే, పలకవేం?"

"ఒసే షారోనూ! నీ సంచి ఎవరి దాంట్లో కలిపావే?"

కాలేజీకి సెలవులని తల్లి వెంట వచ్చిన పిల్ల తువ్వాలు దించి, నవ్వి, తన సంచి వెతుక్కుంటుంది. ఆ నోట్‌బుక్కులో సగం పేర్లు హీబ్రూ భాషవి. చేలో ఉన్నవాళ్లకు అది వింత కాదు. మరియమ్మ అంటే వాళ్లకు యెరూషలేము గుర్తురాదు, వీధి చివర ఇల్లు గుర్తొస్తుంది.

ఈ పేర్ల గురించి ఇప్పుడు మాట్లాడుకోవడానికి కారణం ఉంది. క్రైస్తవం తీసుకున్నవారికి ఎస్సీ హోదా వర్తించదనీ, ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కింద రక్షణ కోరలేరనీ 2025 ఏప్రిల్ చివర ఆంధ్రప్రదేశ్ హైకోర్టు తీర్పు చెప్పింది. ఆ కేసు మొదలైంది పాత గుంటూరు జిల్లాలోని ఒక పల్లెలో, ఒక పాస్టరు ఇచ్చిన ఫిర్యాదుతో. అవే రోజుల్లో కేంద్రం వచ్చే జనగణనలో కులం కూడా లెక్క రాస్తామని ప్రకటించింది. అప్పటినుంచి పల్లెల్లో, ఆదివారం ఆరాధన అయ్యాక చెట్టు కింద సాగే మాటల్లో, పిల్లకు ఏ పేరు పెట్టాలన్నది భక్తి విషయంగా మాత్రమే మిగల్లేదు.

దావీదు పశువులు మేసిన మైదానం

ముందు షారోను సంగతి. ఇజ్రాయెల్ పడమటి తీరాన, ఉత్తరాన కర్మెలు కొండల దిగువ నుంచి దక్షిణాన టెల్ అవీవ్ దగ్గరి యార్కోన్ నది దాకా పరుచుకున్న పల్లపు నేల పేరు షారోను. చదును, సమతలం అనే అర్థాల చుట్టూ తిరిగే ధాతువు నుంచి వచ్చిన మాట అంటారు. దావీదు రాజు మందలు షారోనులో మేసేవని, వాటికి ఒక అధికారి ఉండేవాడని బైబిలులో దినవృత్తాంతాల గ్రంథం చెబుతుంది. ఒంగోలు గిత్తల సీమవాళ్లకు ఈ ముక్క ఒక్కటి చాలు, ఆ నేల ఎలాంటిదో ఊహించుకోవడానికి.

పంతొమ్మిదో శతాబ్దం చివరికి అది బురద నేల, మలేరియా నేల. 1891లో అక్కడ హదేరా ఊరు కట్టుకున్న యూదు వలస కుటుంబాల్లో ఎందరో జ్వరాలకు పోయారు. యూకలిప్టస్ నాటి, కాల్వలు తీసి, నారింజ తోటలు పెంచాకే ఆ నేల లొంగింది. కొత్తగా వచ్చి చేరిన యూదులకు యూరప్ మురికివాడల్లో మోసిన పేర్లంటే మొహం మొత్తింది. ఎలియేజర్ బెన్ యెహూదా వంటివారు 1880ల నుంచి పట్టుబట్టి హీబ్రూను మళ్లీ ఇళ్లలో మాట్లాడే భాషగా చేశారు. ఆ భాషతోపాటే పేర్లూ మారాయి. చెట్లు, కొండలు, నదులు, పొలాలు మనుషుల పేర్లయ్యాయి. ఇలానా అంటే చెట్టు, తల్ అంటే మంచు, కర్మెల్ ఒక కొండ పేరు, షారోన్ మైదానం పేరు. ఆ మైదానంలోనే పుట్టిన ఏరియల్ షైనర్‌మన్ అనే సైనికుడు ఇంటిపేరు మార్చుకుని ఏరియల్ షారోన్ అయ్యాడు, తర్వాత ప్రధానమంత్రి అయ్యాడు.

అక్కడ ఆడపిల్లకు షారోన్ అని పెట్టడంలో దేవుడి ప్రస్తావన పెద్దగా లేదు. నేల మీద మమకారం ఉంది, గుడికి వెళ్లని కుటుంబాలూ పెట్టుకున్నాయి. మగపిల్లలకూ పెట్టారు. అమెరికాలో 1940ల్లో ఊపు మీదున్న పేరది. నటి షారోన్ టేట్ పుట్టింది 1943లో. ఇంగ్లండులో 1980ల నాటికి అదే పేరు పేదింటి పిల్లలను వెక్కిరించే మాటగా దిగజారింది. పేరు ఒకటే, ఒడ్డు మారితే పరువు మారింది.

మన దగ్గరికి మాత్రం అది పువ్వుగా వచ్చింది. పరమగీతము రెండో అధ్యాయంలో షారోనులో పూసే పువ్వు ప్రస్తావన ఉంది. 1611 నాటి ఇంగ్లీషు బైబిలు దాన్ని గులాబీ చేసింది. అసలది గులాబీ కాదంటారు మొక్కల పండితులు. సముద్రపు ఒడ్డు ఇసుకలో పూసే తెల్లని లిల్లీ జాతి పువ్వని కొందరు, నార్సిసస్ అని కొందరు. తెలుగు క్రైస్తవ పాటల్లో యేసుప్రభువే షారోను రోజా. ఆ పాటలు పాడి పెరిగిన తల్లులు కూతుళ్లకు షారోన్ రోజ్ అని పెట్టుకున్నారు. పువ్వు ఏదైతేనేం, పిలవడానికి బాగుంది.

> ■ వదిలేసిన నేలకు కొత్త పేరు
>
> ఒంగోలు, చీరాల, నరసరావుపేట ఎటు వెళ్లినా హెప్సీబా, బ్యూలా అనే పేర్లు వినపడతాయి. అమెరికాలో ఇవి అమ్మమ్మల కాలం పేర్లు. ఇక్కడ బీటెక్ చదివే పిల్లల పేర్లు.
>
> రెండూ యెషయా గ్రంథం 62వ అధ్యాయంలో ఒకే వచనంలో వస్తాయి. విడిచిపెట్టిన దేశం, పాడైపోయిన నేల అని ఇక ఎవరూ అనరు, కొత్త పేర్లతో పిలుస్తారు అని ప్రవక్త చెప్పిన చోట. హెప్సీబా అంటే ఈమె యందు నాకు ఇష్టం. బ్యూలా అంటే పెళ్లయిన ఇల్లాలు.
>
> తెలుగు బైబిలు ఈ రెంటినీ పేర్లుగానే ఉంచేసింది. అందుకే పాస్టర్ల నోట, అక్కడి నుంచి ఉయ్యాలల్లోకి సులువుగా చేరాయి.

కొండ మీద రూతమ్మ

ఈ ప్రాంతానికి హీబ్రూ పేర్లు ఓడల్లో వచ్చాయి. 1842 జులై 31న లూథరన్ మిషనరీ జాన్ క్రిస్టియన్ ఫ్రెడరిక్ హయ్యర్ గుంటూరు చేరాడు. ఆయన తర్వాత బడులు, ఆస్పత్రులు. 1883లో వచ్చిన డాక్టరమ్మ పేరు అన్నా సారా కుగ్లర్. ఆమె పేరులోని రెండు మాటలూ హీబ్రూవే. ఇవాళ్టికీ గుంటూరులో కుగ్లర్ ఆస్పత్రి అంటే ఆటోవాళ్లు అడ్రసు అడగరు.

ప్రకాశం వైపు కథ బాప్టిస్టులది. 1854 జనవరి 1 తెల్లవారుజామున ఒంగోలు కొండ మీద లైమన్ జ్యూవెట్ దంపతులు, వాళ్ల వెంట నెల్లూరు నుంచి వచ్చిన తెలుగు విశ్వాసులు మోకరించి ప్రార్థన చేశారు. ఆ తెలుగువాళ్లలో ఒకామె పేరు రూతు. ఆ కొండను ఇప్పటికీ ప్రార్థన కొండ అనే అంటారు. 1866లో ఒంగోలులో స్థిరపడిన జాన్ ఎవరెట్ క్లో సర్వే పని తెలిసినవాడు. 1876-78 కరువులో బకింగ్‌హాం కాలువ తవ్వకంలో కొంత భాగం కాంట్రాక్టు తీసుకుని ఆకలితో ఉన్న మాదిగలకు పని చూపించాడు. 1878 జులై 3న, ఒక్క రోజులో, గుండ్లకమ్మ ఒడ్డున వెల్లంపల్లి దగ్గర 2,222 మంది బాప్తిస్మం తీసుకున్నారు.

గంజి కోసం మారారు అని ఆనాటి నుంచి ఒక మాట ఉంది. ఆకలి తీరాక తిరిగి వెళ్లిపోనివాళ్ల గురించి ఆ మాట అన్నవాళ్లు ఏమంటారో నాకెప్పుడూ అర్థం కాలేదు.

అయినా ఏట్లో మునిగి లేచినంత మాత్రాన పేర్లు మారిపోలేదు. మారింది తర్వాతి తరాల్లో, బడి చెప్పుకున్న పిల్లల్లో. అంతకు ముందు పల్లెల్లో పిచ్చమ్మ, పుల్లమ్మ, పెంటయ్య. పుట్టిన బిడ్డలు పోతుంటే దిష్టి తగలకుండా పెట్టే పేర్లు ఇవి, అన్ని కులాల్లోనూ ఉన్నాయి. తేడా పిలుపులో వచ్చేది. ఊళ్లో పిచ్చయ్యగారు ఉండేవారు, దళితులుండే పల్లెలో పిచ్చిగాడు ఉండేవాడు. పాలేరు కొడుకు అబ్రాహాము అయ్యాక దొర నోటికి ఆ పేరు తిరక్కపోయేది. దాన్ని కూడా విరిచి అబ్రాంగాడు చేసినవాళ్లు లేకపోలేదు. కానీ పాస్టరు మాత్రం ఆదివారం నాడు నలుగురిలో పూర్తి పేరుతో పిలిచేవాడు. ఆ ఒక్క పూట కోసం ఆ పేరు పెట్టుకున్నారని నా నమ్మకం.

ఎంచుకున్న పేర్లు కూడా ఊరికే ఎంచుకోలేదు. రూతు విధవరాలు, పరాయి ఊరికి అత్తతో వలస వచ్చింది, కోతల కాలంలో ఆసామి చేలో పరిగె ఏరుకుని బతికింది. తెలుగు బైబిలులోనూ ఆ మాట పరిగె అనే ఉంటుంది. జొన్న చేలో, పత్తి చేలో పరిగె ఏరిన ఆడవాళ్లకు ఆమె కథ విడమరిచి చెప్పక్కర్లేదు. మిర్యాము మరియమ్మ అయింది, శారా సారమ్మ అయింది, రాహేలు రాహేలమ్మ అయింది. చివర అమ్మ చేరగానే ఏ పేరైనా ఈ నేలదే.

లింగమ్మ కొడుకు జాషువా

వినుకొండలో ఒక కుటుంబం ఉంది, ఈ కథంతా మూడు తరాల్లో చెప్పడానికి. తల్లి లింగమ్మ, మాదిగ క్రైస్తవురాలు. తండ్రి వీరయ్య, యాదవుడు. 1895లో పుట్టిన కొడుకు పేరు జాషువా. మోషే తర్వాత ఇశ్రాయేలీయులను యొర్దాను దాటించినవాడి పేరు అది. ఆ కొడుకు 1941లో 'గబ్బిలం' రాశాడు. క్రైస్తవులకు అతడు హిందూ పురాణాలు రాసే కవి, పండితులకు అంటరానివాడు. రెండు వైపులా తలుపులు మూసుకున్నాయి. తన కూతురికి మాత్రం హేమలత అని అచ్చమైన సంస్కృతం పేరు పెట్టాడు. స్టువర్టుపురంలో, జోగినుల మధ్య పనిచేసిన హేమలతా లవణం ఆమే.

ఆమె పెళ్లాడింది నాస్తికుడు గోరా కొడుకు లవణాన్ని. ఉప్పు సత్యాగ్రహం జరిగిన 1930లో పుట్టాడని అతడికి ఆ పేరు. గోరాగారింట్లో సమరం ఉన్నాడు, నియంత ఉన్నాడు, తొమ్మిదో సంతానానికి నౌ అని పెట్టారు. బైబిలూ పురాణమూ రెండూ అక్కర్లేకుండా పేరు పెట్టుకోవచ్చని ఆ ఇల్లు చూపించింది. అందరికీ అంత తెగువ ఉండదు.

జి.కళ్యాణరావు 'అంటరాని వసంతం' నవల 2000లో వచ్చింది. అందులో ఎల్లన్న కొడుకు శివయ్య, అతడి కొడుకు రూబేను, తర్వాత ఇమ్మానుయేలు. కథను గుర్తు చేసుకునేది రూబేను భార్య రూతు. పాత్రల పేర్లు వరసగా చదివితే చాలు, ఏ తరంలో ఏం జరిగిందో తెలిసిపోతుంది.

ఇంట్లో హదస్సా, కోటలో ఎస్తేరు

కొత్తగా వచ్చిన పేర్లలో హదస్సా ఒకటి. ఇజ్రాయెల్‌లో ఇదే పేరు హదస్ అని ఇప్పటికీ పెడుతున్నారు. గొంజి చెట్టు అని అర్థం. ఎస్తేరు రాణి అసలు పేరు హదస్సా. పారసీక రాజు కోటలో అడుగుపెట్టాక ఎస్తేరు అయింది, తన జాతి ఏదో చెప్పవద్దని పెంచినవాడు కట్టడి చేస్తే చెప్పకుండా దాచింది.

గుంటూరు, ప్రకాశం పల్లెల్లో ఈ కథనే మళ్లీ బతుకుతున్న ఆడపిల్లలు ఎందరో. ఇంట్లో, చర్చిలో షారోను. బడి రిజిస్టరులో సునీతో, అనితో. కారణం 1950 ఆగస్టు 10న రాష్ట్రపతి ఇచ్చిన షెడ్యూల్డు కులాల ఉత్తర్వు. హిందువులు కానివారు ఎస్సీలు కారని దాని మూడో పేరా. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు. క్రైస్తవులనూ ముస్లింలనూ చేర్చలేదు. దళిత క్రైస్తవ సంఘాలు ఏటా ఆగస్టు 10ని నల్లరోజుగా పాటిస్తాయి. మన రాష్ట్రంలో క్రైస్తవులైన ఎస్సీలకు, వాళ్ల పిల్లలకు బీసీ-సి కింద ఒక్క శాతం రిజర్వేషను ఉంది. ఎస్సీలకు పదిహేను శాతం. తండ్రి పాలేరు, తల్లి మిరప కూలి, పిల్ల నర్సింగు సీటుకు దరఖాస్తు పెట్టాలి. ఏ తల్లి ఏ గడి నింపుతుంది?

బడిలో పేరు రాయించే రోజు ఆ ఇంట్లో చిన్నపాటి చర్చ నడుస్తుంది. నాయనమ్మకు కోపం వస్తుంది, పాస్టరుగారు పెట్టిన పేరు మారుస్తారా అని. తండ్రి తల గోక్కుంటాడు. చివరకు తల్లే తేలుస్తుంది. "దేవుడికి తెలుసులే అత్తా, మన పిల్ల పేరేందో" అంటుంది. ఆ పైన ఆధారులో ఒక పేరు, రేషను కార్డులో ఇంకో పేరు పడి, ఇరవై ఏళ్ల తర్వాత పాస్‌పోర్టు ఆఫీసులో ఆ పిల్లే ఆ ముడి విప్పుకుంటుంది. పెళ్లి చర్చిలో జరిగితే పత్రంలో షారోను. ఉద్యోగం సునీతది.

జనగణన అంకెలు దీన్ని మరోవైపు నుంచి చూపిస్తాయి. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో క్రైస్తవుల వాటా 1971లో నాలుగు శాతం పైన. 2001లో 1.55, 2011లో 1.34. చర్చిలు పెరిగాయి, లెక్కలో జనం తగ్గారు. అమరావతి దగ్గర లేమల్లెలో ఏటా జరిగే గుడారాల పండుగకు వచ్చే లారీలూ ఆటోలూ చూసినవాళ్లెవరూ ఆ అంకెను నమ్మరు. ఆ పండుగ పేరు కూడా యూదుల పండుగదే. చర్చిలో ఒకటి, కాగితం మీద ఒకటి చెప్పడం మోసం అని కోర్టుల్లో వాదించేవాళ్లున్నారు. మతం మారినా పల్లె మారలేదు, బావి దగ్గర, టీ కొట్టులో గ్లాసు మారలేదు అని జవాబిచ్చేవాళ్లున్నారు. 1985లో కారంచేడులో దళితులను చంపినవాళ్లు, 1991లో చుండూరులో చంపినవాళ్లు ఎవరి పేరూ ఏ మతానిదని అడగలేదు. నా మొగ్గు ఎటో చెప్పేశాను.

ఈ చిక్కును పరిశీలించమని 2022 అక్టోబరులో కేంద్రం జస్టిస్ కె.జి.బాలకృష్ణన్ నాయకత్వంలో కమిషన్ వేసింది. దళిత క్రైస్తవులకు ఎస్సీ హోదా ఇవ్వమని 2023 మార్చిలో మన శాసనసభ తీర్మానం చేసింది.

> ■ ఆస్తి అడిగిన అయిదుగురు
>
> ఇజ్రాయెల్‌లో ఈ శతాబ్దంలో ఆడపిల్లలకు బాగా పెడుతున్న పేర్లలో నోవా ఒకటి. ఓడ కట్టిన నోవహు కాదు, ఈమె వేరు. తెలుగు బైబిలులో నోయా.
>
> సంఖ్యాకాండములో సెలోపెహాదుకు కొడుకులు లేరు, అయిదుగురు కూతుళ్లు: మహలా, నోయా, హొగ్లా, మిల్కా, తిర్సా. తండ్రి భూమిలో తమకు వాటా ఏదని మోషే ముందు, పెద్దలందరి ముందు నిలబడి అడిగారు. వాటా దక్కింది.
>
> ఆంధ్రప్రదేశ్‌లో హిందూ ఉమ్మడి ఆస్తిలో కూతుళ్లకు సమాన హక్కు ఇస్తూ చట్టాన్ని సవరించింది ఎన్టీఆర్ హయాంలో, 1986లో. క్రైస్తవులకు 1925 నాటి భారత వారసత్వ చట్టం ప్రకారం కొడుకుకూ కూతురికీ సమానమే. పంచుకోవడానికి పొలం ఉంటే.

కొత్తరెడ్డిపాలెం మలుపు

చేబ్రోలు మండలం కొత్తరెడ్డిపాలెంలో కథ ఇంకో దారి పట్టింది. అక్కడ కొన్ని మాదిగ కుటుంబాలు చర్చిని కూడా దాటి వెళ్లాయి. తాము ఇశ్రాయేలు గోత్రాల్లో ఒకటైన ఎఫ్రాయిము సంతతి అని, బెనె ఎఫ్రాయిమ్ అని చెప్పుకుంటాయి. ఒకప్పుడు క్రైస్తవ బోధకుడైన షమూయేల్ యాకోబి 1980ల్లో యెరూషలేము చూసి వచ్చాక ఈ ఆలోచన ఊపందుకుంది. 1990ల మొదట్లో ఊళ్లో సినగాగు వెలిసింది. అన్న షమూయేల్, తమ్ముడు సాదోక్. శనివారం సబ్బాతు, తెలుగులో ప్రార్థన, నేర్చుకున్నంత హీబ్రూ. గొడ్డు మాంసం తినడం, చనిపోయినవాళ్లను పూడ్చిపెట్టడం వంటి మాదిగ ఆచారాలనే పాత యూదు ఆనవాళ్లుగా చూపించారు. ఊరు తక్కువ చేసి చూసిన అలవాటే ఇక్కడ వంశానికి సాక్ష్యమైంది.

యూలియా ఎగొరోవా, షాహిద్ పర్వేజ్ అనే పరిశోధకులు ఈ ఊరి మీద రాసిన పుస్తకం 2013లో వచ్చింది. ఇలాంటి మాటే చెప్పుకునే ఈశాన్య రాష్ట్రాల బ్నే మెనాషే జనాన్ని 2005లో ఇజ్రాయెల్ ప్రధాన రబ్బీల్లో ఒకరు ఇశ్రాయేలు సంతతిగా గుర్తించారు. వాళ్లలో వేలమంది వలస వెళ్లారు. కొత్తరెడ్డిపాలెం వాళ్లకు ఆ గుర్తింపు రాలేదు.

వాళ్ల వంశం కథ చరిత్ర పరీక్షకు నిలవకపోవచ్చు. ఒకరిచ్చిన పేర్లతో తృప్తి పడక, ఆ పేర్ల మూలానికే వెళ్లి మేమే వాళ్లం అన్న ధైర్యం మాత్రం నిజం. పక్క ఊరి పిల్ల షారోను అనే పేరును పాటల్లోని పువ్వుగా చూస్తే, ఈ ఊరివాళ్లకు అది తాతల నేల.

ఇప్పటి తల్లులు

ఈ మధ్య పేర్లు మళ్లీ మారుతున్నాయి. పాత అమ్మ పోయింది. ఎస్తేరు రాణి వంటి జంట పేర్లూ తగ్గాయి. కృప, దీవెన, కరుణ, జ్యోతి అని తెలుగులోనే భక్తి పలికే పేర్లు ఎప్పటినుంచో ఉన్నాయి, వాటికి గిరాకీ తగ్గలేదు. వాటిని చూసి మతం చెప్పడం కష్టం, అదే వాటి సుఖం. షారోను అని పిలవాలనుకున్నవాళ్లు శరణ్య అని రాయిస్తున్నారు. ముద్దు పేరు రెంటికీ ఒకటే.

జనగణన సిబ్బంది 2027 ఫిబ్రవరిలో ఇళ్లకు వస్తారు. పేరు వినగానే మతం గడి వాళ్లంతట వాళ్లే నింపేయడం ఈ పల్లెల్లో కొత్త కాదు. చెప్పినదే రాయాలి, ఊహించి రాయకూడదు. హిందూ, సిక్కు, బౌద్ధ మతాలు కాక వేరే మతం చెప్పినవారిని ఎస్సీగా రాసుకోకపోవడం ఇన్నేళ్లుగా జనగణన పద్ధతి. ఇంటికి వచ్చినప్పుడు ఎవరు ఇంట్లో ఉంటారు, ఏం చెప్పాలి అన్నది ముందే మాట్లాడుకుంటున్న ఇళ్లు ఉన్నాయి.

తల్లులు అప్పటిదాకా ఆగడం లేదు. లేయా, తార, మాయ అనే పేర్లు వెతికి పట్టుకుంటున్నారు. లేయా బైబిలులో యాకోబు పెద్ద భార్య, ఊళ్లో లియా అన్నా చెల్లుతుంది. మాయ అయితే టెల్ అవీవ్‌లోనూ బాగా పెడుతున్న పేరే, తెనాలిలోనూ ఉంది. హాస్టల్ ఫారంలో మాయ అని రాసి, కులం గడి దగ్గర కాసేపు పెన్ను ఆపినా, ఏ గుమస్తా ఆ పేరు చూసి తలెత్తడు.